చెమ్మ పట్టని రీలు

గుడివాడలో కొత్త ఆపరేటర్లకు జరిగే శిక్షణ తరగతుల్లో నాలుగో రోజు మధ్యాహ్నం ఒక రీలు వేసి చూపించేవాళ్ళం. మీలో చాలామంది దాన్ని చూసే ఉంటారు. మొదట నల్లటి తెర మీద తెల్లని గీతలు నీళ్ళలా కదులుతాయి. తర్వాత పసుపు మరకలు, తుప్పురంగు మచ్చలు ఒకదానిలోకి ఒకటి పాకుతాయి. చివరికి చుట్టూ నలుపు మిగిలి, మధ్యలో మనిషి ఎత్తున ఎర్రటి ఆకారం ఒకటి సన్నగా వణుకుతూ నిలబడుతుంది. అక్కడ లాంపు ఆపి, "చూశారుగా, రీలుకి చెమ్మ పడితే ఇలా తయారవుతుంది. ప్రతి డబ్బాలోనూ సున్నం పొట్లం పెట్టుకోవడం మరిచిపోకండి" అని చెప్పేవాడు మీ శిక్షకుడు. ఆ శిక్షకుణ్ణి నేనే. ఆ మాట తొమ్మిదేళ్ళు చెప్పాను.

అది చెమ్మ కాదు. పెడనలో ఒక అద్దకం మేస్త్రి రెండు వేసవులు కూర్చుని, కెమెరా అనేది లేకుండా, రీలు మీద గడి గడికీ తన చేత్తో అద్ది చేసిన బొమ్మ. ఆ సంగతి నాకు మొదటి రోజు నుంచీ తెలుసు. తెలిసీ చెప్పలేదు. పాత ఉద్యోగుల అనుభవాలు వేస్తున్నాం, ఏదైనా రాయండి అని మన శాఖ పత్రిక వారు అడిగినప్పుడు, తుపాను గాలిలో తెర నిలబెట్టిన సంగతి రాస్తానని వారు అనుకుని ఉంటారు. అది నాకంటే బాగా రాసేవాళ్ళు ఉన్నారు. ఇది మాత్రం నేను తప్ప ఇంకెవరూ రాయలేరు.

రెండో పంచవర్ష ప్రణాళిక రోజులు. బందరులో మా ప్రచార శాఖ ఆఫీసు ఒక అద్దె ఇంట్లో ఉండేది. ఒక ఆఫీసరు గారు, ఒక వ్యాను, ఒక డ్రైవరు, ఆపరేటరుగా నేను. నాకింకా ఉద్యోగం ఖాయం కాలేదు. చల్లపల్లి, మోపిదేవి, అవనిగడ్డ, ఇటు పెడన, గూడూరు తిరిగి, జపాను పద్ధతి వరిసాగు, మశూచి టీకాలు, కంపోస్టు ఎరువుల మీద చిత్రాలు వేసేవాళ్ళం. జనం వాటికోసం వచ్చేవాళ్ళు కారు. చివర్లో ఒక పాటల రీలు వేస్తామని డ్రైవరు ముందే ఊరంతా చెప్పి ఉంచేవాడు. దానికోసం ఎరువుల్ని ఓర్చుకునేవాళ్ళు.

ఆపరేటరుకి అప్పట్లో నేర్పే మొదటి పాఠం ఒకటే. తెర తెల్లబడకూడదు. రీలు తెగినా, అయిపోయినా, తెర మీద ఖాళీ తెలుపు పడిందంటే ఆపరేటరు పరువు పోయినట్టే. క్షణంలో లాంపు ఆపెయ్యాలి. ఈల వినపడిందంటే అప్పటికే ఆలస్యమైనట్టు. నా చెయ్యి ఆ పనికి ఎంతగా అలవాటు పడిందంటే, తెలుపు కనపడగానే నేను ఆలోచించేలోగా స్విచ్చి మీద ఉండేది. ఈ చేతి సంగతి గుర్తు పెట్టుకోండి. తర్వాత జరిగినదంతా దీని పనే అని చాలాకాలం సరిపెట్టుకున్నాను.

పెడనలో ఒక సాయంత్రం కంపోస్టు చిత్రం నడుస్తుండగా రీలు ప్రొజెక్టరు గేటులో, లాంపు ఎదుట ఇరుక్కుంది. పేడ గుంత పక్కన నిలబడిన రైతు ముఖం మీద ముందు గోధుమరంగు చుక్క పడింది. అది బుడగలా పొంగి, అంచులు నల్లబడి, మధ్యలో పసుపు విరిసి, రైతుని మింగేసింది. నేను లాంపు ఆపాను. జనం గోల పెట్టారు. కాలిన ముక్క కత్తిరించి అతుకుతుంటే ఒకాయన వచ్చి నా పక్కన నిలబడ్డాడు. నలభై ఏళ్ళుంటాయి. మోచేతుల దాకా ఎరుపూ నలుపూ ఇంకిపోయిన చేతులు.

"ఆపరేటరు గారూ, ఒక్క మాటండీ" అన్నాడు.

"కంగారు పడకండి, రెండు నిమిషాల్లో వేస్తాను."

"అదికాదండీ. ఇందాక ఆ కాలిపోయిన బొమ్మ వేశారు చూడండి, అది మళ్ళీ వెయ్యడానికి కుదురుతుందా?"

వెక్కిరిస్తున్నాడనుకున్నాను. నా ఉద్యోగంలో అంతకంటే పెద్ద అవమానం అప్పటిదాకా జరగలేదు. ముఖం చూస్తే నిజంగానే అడుగుతున్నాడు. కత్తిరించిన ముక్క ఆయన చేతిలో పెట్టాను. దాన్ని పెట్రోమాక్సు దీపానికి అడ్డం పెట్టి చూశాడు. తెర మీద చూసింది అందులో లేదు. ఒట్టి కన్నం ఉంది.

"ఇందులో లేదేంటండీ?"

"అది కదిలితేనే కనబడుతుందండీ. ఒక్కో గడి ఆగి, పక్క గడి వచ్చేలోపల మన కన్నే కలిపేసుకుంటుంది" అని నాకు తెలిసిన ముక్క చెప్పాను. ఆయన ఆ కన్నాన్ని జేబులో వేసుకుని వెళ్ళిపోయాడు.

అలా మొదలైంది. ఆ తర్వాత పెడన వైపు ఎప్పుడు వెళ్ళినా ఆయన ఇంటి ముందు వ్యాను ఆగేది. బట్టకి కరక్కాయ నీళ్ళు పట్టించడం, అచ్చు కొట్టడం, కాలవలో జాడించి గట్టు మీద ఆరెయ్యడం, ఇదీ ఆ ఇంటి పని. నీళ్ళు పారుతుంటేనే ఆ పని సాగుతుంది. ఎండాకాలం కాలవలు కట్టేస్తే అద్దకం ఆగిపోతుంది. ఆ రెండు నెలలూ మిగతావాళ్ళు పెళ్ళిళ్ళకు తిరిగేవాళ్ళు. ఈయన నా దగ్గర రీళ్ళు అడిగాడు.

ఇచ్చాను. ఎలా ఇచ్చానో కూడా చెప్పాలి. పాతబడి పనికిరాని రీళ్ళను ముక్కలు చేసి ఆఫీసరు గారి ఎదుట తగలబెట్టి, తగలబెట్టామని కాగితం మీద ఇద్దరం సంతకం చెయ్యాలి. ఆఫీసరు గారికి ఆ కంపు పడేది కాదు. లోపల కూర్చుని సంతకం చేసేవారు. నేను రెండు డబ్బాలు పక్కన పెట్టేవాణ్ణి. ఆ కాగితం ప్రకారం మేస్త్రి గారి బొమ్మ పుట్టకముందే బూడిద అయిపోయింది.

పాత బొమ్మని సోడా నీళ్ళలో నానబెట్టి తుడిచేసి, ఆ పారదర్శకపు రిబ్బను మీద తుమ్మజిగురు కలిపిన రంగులు అద్దేవాడు. కందిగింజంత అచ్చులు టేకు పుల్లల కొసల మీద తానే చెక్కుకున్నాడు. నలుపు కావలసిన చోట పాత నలుపు అలాగే ఉంచి సూదితో గీరేవాడు. సెకనుకి ఇరవై నాలుగు గళ్ళు పోతాయని చెప్పినప్పుడు భయపడతాడనుకున్నాను. "దుప్పటి అంచుకి అంతకన్నా ఎక్కువే పడతాయండీ" అన్నాడు.

మొదటి మూరెడు ముక్క ఆయన ఇంటి గోడ మీద వేసి చూపించిన రోజు నాకు బాగా గుర్తు. ఒకే అచ్చు వరసగా కొట్టాడు. గోడ మీద అది ఊపిరి పీలుస్తున్నట్టు కదిలింది.

"ఇదేంటి, కదులుతోంది. మీరు కదిలించలేదు కదా" అన్నాను.

ఆయన చాలాసేపు నవ్వాడు. "అచ్చు తప్పుతోందండీ. ఎంత జాగ్రత్తగా కొట్టినా వెంట్రుకవాసి అటూ ఇటూ పడుద్ది. బట్ట మీదయితే మా నాన్న నెత్తిన మొట్టేవాడు. ఇక్కడ చూడండి, ఆ తప్పే ప్రాణం పోసుకుంది."

ఆయన భార్య గుమ్మంలోంచి అంది, "అన్నయ్య గారూ, ఆ తప్పులేవో బట్ట మీద చెయ్యకుండా ఇందులోనే చెయ్యమని చెప్పండి. మొన్న షావుకారు రెండు దుప్పట్లు తిప్పి పంపాడు."

డ్రైవరు నన్ను బావా అని పిలిచేవాడు, చుట్టరికం ఏమీ లేకపోయినా. "బావా, ఈయన మేస్త్రీనా, లేక మనకే మతి పోయిందా?" అని దారిలో అడిగేవాడు. కానీ పెడనలో వ్యాను ఆపేది అతనే.

ఒకసారి మేస్త్రి గారు ఇంకో సంగతి చెప్పాడు. అప్పుడు నేను దాన్ని కబురుగా విన్నానే తప్ప, పట్టించుకోలేదు. చిన్నతనంలో ఆయన రోజంతా తండ్రి వెంట కాలవగట్టు మీద, ఆరేసిన ఎర్రబట్టల మధ్యే ఆడుకునేవాడట. తల్లి ఇంట్లో మంచం మీద ఉండేది. ఆయనకి ఏడేళ్ళప్పుడు పోయింది.

"మా అమ్మ నాకు ఎప్పుడూ పచ్చచీరలోనే గుర్తొస్తదండీ. లేత ఆకుపచ్చ. మా అక్కేమో, అమ్మకి పచ్చచీరే లేదురా, జబ్బు చేశాక అద్దకం లేని తెల్లచీర తప్ప కట్టలేదు అంటది. అక్క అబద్ధం చెప్పదు. నా కళ్ళూ అబద్ధం చెప్పవు కదా. ఎట్లాగంటారు?"

"చిన్నతనం కదండీ, ఏదో కలగలిసిపోయి ఉంటుంది" అన్నాను.

"అదే, ఏం కలిసిందో తెలుసుకోవాలి" అన్నాడు.

రెండో వేసవి అయ్యాక పైనుంచి మా ఆఫీసుకి ఒక ఉత్తరం వచ్చింది. బొంబాయి నుంచి ఒక పెద్దమనిషి జిల్లాలు తిరుగుతున్నారు. కథా, మనుషులూ లేకుండా వెలుగూ రంగూ ఆకారాలతోనే చిన్న చిత్రాలు తీస్తారట. మనం చూసేదేమిటి, గుర్తుంచుకునేదేమిటి అనేదాని మీద ఆయన ప్రయోగాలట. బందరులో రెండు వేసి చూపిస్తారు. ఈ ప్రాంతంలో అలాంటి ప్రయత్నం చేసేవారెవరైనా ఉంటే చూపించవలసింది, నచ్చితే రీలుకి నకళ్ళు తీయించి, ఆ మనిషిని ఆరు నెలలు బొంబాయిలో పెట్టుకుని పని చేయిస్తారు అని రాశారు. మా ఆఫీసరు గారు 'లేరు' అని ఆ రోజే జవాబు పంపించారు. సాయంత్రం లోపల జవాబు వెళ్ళిన ఉత్తరం ఆ ఏడాదిలో అదొక్కటే.

నేను పెడన వెళ్ళి చెప్పాను. మేస్త్రి గారు చేతులు తుడుచుకుంటూనే ఉన్నాడు, ఆ రంగు పోదని తెలిసినా.

"ఆరు నెలలా?" అంది ఆవిడ చివరికి. "కాలవలు కట్టేసినప్పుడు రమ్మంటారేమో అడగండి అన్నయ్య గారూ."

"వద్దంటావేమో అనుకున్నా" అన్నాడు ఆయన.

"రెండేళ్ళు మీ అన్నదమ్ములు నవ్వుతుంటే విన్నాను. ఎవరో ఒక తెలిసినాయన చూసి ఇది పనే అని ఒక్క మాట అంటే చాలు. బొంబాయి సంగతి తర్వాత."

ఆఫీసరు గారికి 'పెడన అద్దకం మీద చిన్న రీలు ఒకటి ఉందండీ, చివర్లో వేస్తాను' అన్నాను. ఆయన చేతిపనుల డాక్యుమెంటరీ అనుకుని తలూపారు. నేను సరిదిద్దలేదు. బొమ్మ అయిపోయాక లేచి, దీన్ని చేసింది ఇదిగో వీరు అని చెప్పడం, అంతవరకూ నా పని. బొమ్మే మాట్లాడుతుంది, నేను పెద్దగా చెప్పేదేముంటుంది అనుకున్నాను.

ఆ రోజు మధ్యాహ్నం మూడింటికి బందరులో ఒక హాలు. కిటికీలు పెద్దవి, వాటికి తెరలు లేవు. చీకటి చెయ్యడానికి ఏమీ లేక నేను తల పట్టుకుంటే, మేస్త్రి గారు పెడన నుంచి బండి మీద పన్నెండు దుప్పట్లు తెచ్చాడు. నలుపు, ఎరుపు అద్దినవి. వాటిని కిటికీలకు కట్టాం. అంటే, ఆ హాల్లో చీకటి కూడా ఆయనే తెచ్చాడు. ఇస్త్రీ చొక్కా వేసుకుని మూడో వరసలో భార్య పక్కన కూర్చున్నాడు. కూర్చునే ముందు నా దగ్గరికి వచ్చి, "చివర అర నిమిషం తెల్లగా వదిలేశానండీ. నిన్ననే అతికాను. అది అట్లాగే పోనివ్వండి" అన్నాడు. సరేనన్నాను. దేనికి సరేనన్నానో వినలేదు. ఆఫీసరు గారు వస్తున్నారు.

పిలిచినవాళ్ళు యాభై మంది ఉంటారు. ప్లీడర్లు, మాస్టర్లు, కొందరు అధికారులు. బొంబాయి పెద్దమనిషి సన్నగా, మర్యాదగా ఉన్నాడు. ఆయన బొమ్మలు రెండు వేశాను. వలయాలు తిరిగాయి, గీతలు కలిసి విడిపోయాయి. రెండో దాని మధ్యలో ఒక ప్లీడరు గారు పక్కాయన్ని "మాటలెప్పుడొస్తాయండీ?" అని అడగడం నాకు వినపడింది. అయినా చివర్లో అందరూ చప్పట్లు కొట్టారు. బొంబాయి నుంచి వచ్చింది కదా.

మూడోది ఎక్కించాను. గీతలు కదిలాయి. మరకలు పాకాయి. నేను ముక్కలు ముక్కలుగా చూసిందే, ఒకే వరసలో చూస్తుంటే నేనెన్నడూ చూడనిదిలా ఉంది. ఎర్రటి ఆకారం లేచి నిలబడింది. అది ఎంతసేపు నిలబడిందంటే జనం కుర్చీల్లో కదలడం మానేశారు. అప్పుడు తెర తెల్లబడింది.

నా చెయ్యి లాంపు ఆపేసింది.

ఆఫీసరు గారు లేచారు. "ఏమయ్యా, ఏమిటిది? అద్దకం అన్నావు. ఈ మరకలేమిటి? ఎక్కడిది ఈ రీలు?"

ఆయన అడిగింది మూడు ప్రశ్నలు. మొదటి రెండింటికి నా దగ్గర మంచి జవాబులున్నాయి. మూడోదానికి ఉన్న జవాబు, మీరు తగలబెట్టినట్టు సంతకం చేసిన రీలండీ ఇది అని. నా ఉద్యోగం ఖాయం కావలసిన కాగితం ఆ వారమే ఆయన బల్ల మీద ఉంది. మేస్త్రి గారు మూడో వరసలో సగం లేచి, చొక్కా సర్దుకుంటున్నాడు, నేను పేరు చెబుతానని.

"రీలు పాడైందండీ. చెమ్మ పట్టింది" అన్నాను.

అంతటితో ఆగినా బాగుండేది. అలవాటు చొప్పున మైకు తీసుకున్నాను. "సాంకేతిక లోపం వల్ల కలిగిన అంతరాయానికి చింతిస్తున్నాము. ప్రేక్షకులు మన్నించగలరు." ఆ రోజు నేను క్షమాపణ చెప్పలేదని ఎవరూ అనలేరు. యాభై మందికి చెప్పాను. చెప్పవలసిన ఒక్కరికి తప్ప.

మేస్త్రి గారు సగం లేచినవాడు కూర్చున్నాడు.

బొంబాయి పెద్దమనిషి నా దగ్గరికి వచ్చి రీలు చేతిలోకి తీసుకుని వెలుగుకు పెట్టి చూశాడు. ఆఫీసరు గారితో ఇంగ్లీషులో చాలాసేపు మాట్లాడాడు. సారాంశం ఇది: తాను ఇరవై ఏళ్ళుగా ఇలాంటిది తియ్యాలని చూస్తున్నాడట. మీ ఊళ్ళో చెమ్మగాలే అది చేసి పెట్టేసింది. ఇలాంటిది కావాలని చేసే మనిషి ఒక్కడు దొరికినా తన ప్రయాణం సార్థకమయ్యేది. ఆ మనిషి అయిదు గజాల దూరంలో ఉన్నాడు. నాకు ఇంగ్లీషు అర్థమవుతుంది. నోరు తెరవడానికి ఇంకో అవకాశం దొరికింది. ఒక అబద్ధానికి నిలబడటానికి నాకు అంత ధైర్యం ఉందని అప్పుడే తెలిసింది.

జనం వెళ్ళాక దుప్పట్లు విప్పడం మొదలుపెట్టాం. పెద్ద దుప్పటి మడవడానికి ఇద్దరు కావాలి. మేస్త్రి గారు రెండో కొస నాకు అందించాడు. ఇద్దరం చాచి, మడిచి, ఎదురెదురుగా నడిచి కొసలు కలిపాం. పన్నెండు దుప్పట్లకీ పన్నెండు సార్లు ఎదురుపడ్డాం. చివరి దానికి ఆయన అన్నాడు:

"తెలుపు రాగానే ఆపేశారు."

"అలవాటండీ" అన్నాను.

"చివరన అర నిమిషం ఉంది కదండీ."

చెమ్మ గురించి ఒక్క మాట అనలేదు. ఆవిడ బండిలో కూర్చుని ఇటు చూడలేదు. అన్నయ్య గారూ అని మళ్ళీ పిలవలేదు. దారిలో డ్రైవరు మాత్రం ఊరుకోలేదు.

"బావా, చెమ్మకి అచ్చులు చెక్కడం కూడా వచ్చేసిందే. మనం తిరిగే ఊళ్ళలో ఇంత చదువుకున్న చెమ్మ ఉందని నాకు తెలియదు."

"ఊరుకో."

"నేను ఊరుకుంటాలే. నువ్వు ఊరుకున్నావు కదా, అదే చాలు ఇవాళ్టికి."

ఇక్కడి నుంచి కథ నాకు అన్ని విధాలా కలిసొచ్చింది. చెమ్మ నుంచి రీళ్ళను కాపాడటం మీద ఆఫీసరు గారికి హఠాత్తుగా శ్రద్ధ పుట్టింది. ఆ రోజు తన దగ్గరే ఉంచేసుకున్న రీలును ఉదాహరణగా జతపరిచి పైకి రాశారు. పైవారు మెచ్చుకున్నారు. నాకు ఉద్యోగం ఖాయమైంది. మూడేళ్ళకి గుడివాడ శిక్షణ తరగతుల్లో 'రీళ్ళ సంరక్షణ' బోధించే పని ఇచ్చారు, ఆ విషయంలో అనుభవం ఉన్నవాణ్ణని. పైనుంచి ఆ రీలునూ అక్కడికే పంపారు. దాని డబ్బా మీద నా చేత్తోనే రాశాను: 'చెమ్మ నమూనా. తెర తెల్లబడగానే ఆపవలెను.' మేస్త్రి గారి బొమ్మని నకళ్ళు తీసి దేశమంతా చూపించేవారో లేదో కానీ, రెండు మూడు వందల మంది ఆపరేటర్లు కన్నార్పకుండా చూశారు. చూసి, సున్నం పొట్లం గురించి నోట్సు రాసుకున్నారు. చీరాల నుంచి వచ్చిన ఒకతను మాత్రం ఒకసారి, "పాడైతే ఇంత బాగుంటుందాండీ?" అని అడిగాడు. ప్రశ్నలు చివర్లో అడగమన్నాను.

పెడనకి నేను మళ్ళీ వెళ్ళలేదు. ఆయన రీళ్ళ జోలికి మళ్ళీ పోలేదని, కందిగింజంత అచ్చులన్నీ కాలవలో కలిపేశాడని డ్రైవరు చెప్పాడు. చెప్పి, "నువ్వేం బాధపడకు బావా, చెమ్మ సొత్తు నీళ్ళలోకే పోయింది కదా" అన్నాడు.

నాకు యాభై నిండకుండానే కుడి కంటికి పొర వచ్చింది. లాంపు వెలుగు చూడలేకపోతున్నానని ఉద్యోగం నుంచి తప్పుకున్నాను. అప్పగింతల రోజున గుడివాడలో డబ్బాలన్నీ విప్పి చూస్తూ ఆ డబ్బా తీశాను. మూత తియ్యగానే పుల్లటి వాసన. రీలు అంచుల నిండా తెల్లటి బూజు. తొమ్మిదేళ్ళుగా ప్రతి డబ్బాలోనూ సున్నం పొట్లం పెట్టించాను. దీనికి మాత్రం ఎవరూ పెట్టలేదు. చెమ్మ పట్టిన రీలు కదా, ఇక కొత్తగా ఏం పాడవుతుంది అనుకున్నారు. నా అబద్ధం అలా నెమ్మదిగా నిజమైపోతోంది. ఇంకో రెండేళ్ళు ఆగితే నేను చెప్పిందే సరి అయ్యేది. నిజంగా పనికిరానిదని ఈసారి సరైన సంతకం చేసి, ఆ రీలు తీసుకుని పెడన బస్సెక్కాను.

ఆయన తల నెరిసింది. చేతులు అలాగే ఉన్నాయి. ఆవిడ మంచినీళ్ళు ఇచ్చి లోపలికి వెళ్ళింది. రీలు ఆయన చేతిలో పెట్టాను. వెలుగుకు పెట్టి మూరెడు మూరెడు చూశాడు.

"ఈ తెల్ల చుక్కలు నేను వెయ్యలేదే."

"చెమ్మండీ" అన్నాను. "ఇప్పుడు నిజంగానే."

నా వైపు చూసి, మళ్ళీ రీలు చూశాడు. "బాగానే వేసింది" అన్నాడు. తర్వాత అడిగాడు, "ఎంతమంది చూశారు?"

"రెండు మూడు వందల మంది."

"ఏమన్నారు?"

"డబ్బాలో సున్నం పెట్టాలన్నారు."

ఆయన నవ్వడం మొదలుపెట్టాడు. కళ్ళనీళ్ళు తుడుచుకుని, "తెలుపు చూశారా?" అన్నాడు. లేదన్నాను. "మీరు?" లేదన్నాను. నవ్వు ఆగిపోయింది. "అయితే ఎవరూ చూడలేదన్నమాట."

ఆ వారంలోనే పెడనలో వ్యాను ప్రదర్శన ఉంది. నా తర్వాత వచ్చిన ఆపరేటరుని అడిగితే ముందుగా ఈ రీలు వేస్తానన్నాడు. డ్రైవరు అదే డ్రైవరు. బట్టలు ఆరేసే కాలవగట్టు మీద తెర కట్టారు. పొద్దు పూర్తిగా వాలగానే వేశారు. మేస్త్రి గారూ ఆవిడా ముందు వరసలో ఉన్నారు, వెనకాల ఆయన అన్నదమ్ముల కుటుంబాలు, వీధివీధంతా.

ఎర్రటి ఆకారం నిలబడింది. కొత్త ఆపరేటరు చెయ్యి స్విచ్చి వైపు వెళ్ళడం చూశాను. మనవాడే, బాగా నేర్చుకున్నాడు. నేర్పింది నేనే. నా అరచెయ్యి ఆ స్విచ్చి మీద మూసిపెట్టాను. తెర తెల్లబడింది. ఈలలు లేచాయి. తర్వాత ఒక్కొక్కటే ఆగిపోయాయి. ఎవరో ఆడమనిషి గొంతు, "అక్కడేదో పచ్చగా నిలబడిందే" అంది.

నాకూ కనిపించింది. పొర వచ్చిన కంటితోనే. ఖాళీ తెర మీద, రీలులో ఎక్కడా అద్దని లేత ఆకుపచ్చ ఆకారం, మనిషి ఎత్తున. ఎరుపుని అంతసేపు చూసిన కన్ను తెలుపు మీద తానే వేసుకున్న పచ్చ. కన్ను ఎటు తిప్పితే అటు వచ్చి, నెమ్మదిగా కరిగిపోయింది. గట్టు మీద రోజంతా ఎర్రబట్టల్లో ఆడుకున్న పిల్లవాడు గుమ్మం దాటి లోపలికి వస్తే, తెల్లచీరలో పడుకున్న తల్లి ఎలా కనిపించిందో అప్పుడు నాకు తెలిసింది. వాళ్ళ అక్కా అబద్ధం చెప్పలేదు, ఆయన కళ్ళూ చెప్పలేదు. ఆ ఊరంతటిలో అబద్ధం చెప్పినవాడు ఒక్కడే, ప్రొజెక్టరు పక్కన ఉన్నాడు.

ఆయన పేరు ఇక్కడ రాస్తానంటే వద్దన్నాడు. దుప్పటి మీద ఎవరైనా పేరు వేసుకుంటారాండీ అన్నాడు. ఆ సాయంత్రం మాత్రం పేరు పెట్టే చెప్పాను, ఇక్కడ ఆ పేరు చోట మేస్త్రి గారనే రాస్తున్నాను. డ్రైవరు నేను అడగకుండానే మైకు తెచ్చి నా చేతిలో పెట్టాడు. ఈసారి బావా అనలేదు. మైకులో ఎన్నో ఏళ్ళుగా చెప్పిన వాక్యం నోటి దాకా వచ్చింది. దాన్ని మింగి, ఆయన వైపు తిరిగి చెప్పాను:

"ఈ బొమ్మ చేసింది మీ ఊరి మేస్త్రి గారు. ఇది ఆయన రెండేళ్ళ కష్టం. బందరులో ఆయన కళ్ళెదుటే దీన్ని చెమ్మ పట్టిన రీలని చెప్పింది నేను. అది చెమ్మ కాదని నాకు తెలుసు. నా ఉద్యోగం కోసం చెప్పాను. మేస్త్రి గారూ, అమ్మా, మీ ఇద్దరికీ తప్పు చేశాను. నన్ను క్షమించండి."